మాస్కోలో మన ఆచార్యుడు

రాధాకృష్ణన్ గారి మీద తెలుగులో పుస్తకాలకు కొదవ లేదు. తత్త్వవేత్తగా, గురువుగా, రాష్ట్రపతిగా ఆయనకు దండలు వేస్తూనే ఉన్నాం. 1949 నుంచి 1952 దాకా మాస్కోలో ఆయన నెరపిన రాయబారం మాత్రం ఆ దండల చాటున పడిపోయింది. దాన్ని ఈ పుస్తకంలో వెలికితీసిన రచయిత్రి వాల్తేరులో నా దగ్గర రాజనీతిశాస్త్రం చదువుకున్న అమ్మాయి కావడం నాకు గర్వకారణం.

పుస్తకం మాస్కోలో కాక విశాఖలో మొదలవుతుంది. ఆ ఎంపిక నాకు ఎంతో నచ్చింది. ప్రభుత్వ దమనకాండకు నిరసనగా కట్టమంచి రామలింగారెడ్డి గారు వదులుకున్న ఆంధ్ర విశ్వవిద్యాలయ వైస్ ఛాన్సలర్ పదవిలోకి 1931లో రాధాకృష్ణన్ వచ్చారు. విశ్వవిద్యాలయం బెజవాడ నుంచి విశాఖలోని వాల్తేరుకు తరలివచ్చి అప్పటికి ఎంతో కాలం కాలేదు. ఆయన హయాంలోనే హుమాయున్ కబీర్, తరువాత కమ్యూనిస్టు పార్లమెంటేరియన్‌గా పేరు పొందిన హీరేన్ ముఖర్జీ ఇక్కడ పాఠాలు చెప్పారు. తనతో ఏకీభవించని వాళ్ల మాట వినే అలవాటు ఆయనకు మాస్కోలో అబ్బలేదు, వాల్తేరులోనే ఉండేదని రచయిత్రి వాదన. నేనూ ఒప్పుకుంటాను.

రాయబారి అయ్యాక కూడా ఆక్స్‌ఫర్డ్ ఆచార్య పీఠాన్ని ఆయన వదల్లేదు. ఏడాదిలో కొంత కాలం అక్కడ పాఠం చెప్పేవారు. ఆయనకు ముందు రాయబారిగా ఉన్న విజయలక్ష్మీ పండిట్‌కు దొరకని స్టాలిన్ దర్శనం ఆయనకు 1950 జనవరిలో దొరికింది. ఆ భేటీల కథలు ఉపాధ్యాయ దినోత్సవాల్లో ఏటా వింటున్నవే. రచయిత్రి వాటికి కొన్ని పేజీలే ఇచ్చి, అసలు విషయానికి వెళ్లారు.

అసలు విషయం కొరియా. 1950 జూన్ 25న ఉత్తర కొరియా సేనలు 38వ అక్షాంశ రేఖ దాటాయి. చైనా స్థానంలో తైవాన్‌లోని చాంగ్ కై షేక్ ప్రభుత్వ ప్రతినిధి కూర్చున్నాడన్న కోపంతో సోవియట్ యూనియన్ జనవరి నుంచే భద్రతా మండలిని బహిష్కరించింది. ఈ రెండు చిక్కులనూ కలిపి విప్పవచ్చునని రాధాకృష్ణన్ తలచారు. పెకింగ్‌లోని కమ్యూనిస్టు చైనా ప్రభుత్వానికి మండలిలో చోటివ్వడానికి అమెరికా ఒప్పుకోవాలి. బదులుగా కాల్పుల విరమణకూ, ఉత్తర కొరియా సేనలు వెనక్కి మళ్లడానికీ సోవియట్లు మద్దతివ్వాలి. జూలై మొదట్లో ఢిల్లీ ఆదేశం కోసం ఎదురుచూడకుండా, తన చొరవతోనే ఈ మాటను రెండు పక్షాల చెవినా వేశారు. ఆ నెల మధ్యలో నెహ్రూ స్టాలిన్‌కూ, అమెరికా విదేశాంగ మంత్రి అచెసన్‌కూ లేఖలు రాశారు. స్టాలిన్ స్వాగతించాడు. దురాక్రమణకూ, మండలి స్థానానికీ ముడిపెట్టడం కుదరదని అచెసన్ తిరస్కరించాడు.

ఈ ప్రయత్నాన్ని రచయిత్రి విజయమన్నారు. అక్కడ నాకు అభ్యంతరం ఉంది. యుద్ధం ఆగలేదు, లక్షల మంది చనిపోయారు. దాన్ని విజయమనలేం. అయితే ఆమె పక్కపక్కన పేర్చిన తేదీలు చూస్తే గుండె బరువెక్కుతుంది. 1953 జూలై 27న తుపాకులు ఆగేసరికి ఇరుపక్షాలూ ఆ 38వ రేఖకు దగ్గర్లోనే నిలిచాయి. పెకింగ్‌కు స్థానం 1971లో దక్కింది. ఆచార్యుడి సూచన సరైనదే, వినేవాళ్లు లేకపోయారు. యుద్ధ ఖైదీల సంగతి తేల్చడానికి ఏర్పడిన తటస్థ దేశాల సంఘానికి భారత సేనాని తిమ్మయ్య అధ్యక్షుడయ్యారంటే, మన దేశం రెండు వైపులా తలుపులు తెరిచి ఉంచినందువల్లనే.

ఒక వెలితి చెప్పాలి. తండ్రి మాస్కోలో ఉన్నప్పుడు కుమారుడు సర్వేపల్లి గోపాల్ వాల్తేరులో చరిత్ర బోధిస్తున్నారు. 1954లో విదేశాంగ శాఖ చరిత్ర విభాగానికి డైరెక్టరయ్యారు. తండ్రి జీవిత చరిత్ర రాసిందీ ఆయనే. ఆయనకు ఒక అధ్యాయమైనా దక్కవలసింది. అమ్మాయి తరువాతి పుస్తకం ఆయన మీదే రావాలని నా కోరిక.

కొరియా అంటే విశాఖకు 2020 మే 7 నాటి ఎల్‌జీ పాలిమర్స్ విషవాయువు విషాదమే ముందు గుర్తొస్తుంది, ఆ వెంటనే ఉక్కు కర్మాగారం చుట్టూ నడిచిన కొరియా ఉక్కు సంస్థ పోస్కో చర్చ. ఆ దేశపు కష్టకాలంలో మన వైస్ ఛాన్సలర్ ఒకరు దాని కోసం ఎంత తపించారో కూడా మన పిల్లలకు తెలియాలి. కళాశాలల రాజనీతిశాస్త్ర, చరిత్ర విభాగాలు ఈ పుస్తకాన్ని తెప్పించి విద్యార్థుల చేత చదివించాలని పెద్దవాడిగా కోరుతున్నాను.