కనిపించని కూర్పు: డాక్యుమెంటరీ ఎడిటర్ డై వాన్ కృషి - విమర్శనాత్మక పరిశీలన

1. ప్రవేశిక

తెలుగులో డాక్యుమెంటరీ చర్చ ఎక్కువగా దర్శకుని చుట్టూ తిరుగుతుంది. బి. నర్సింగరావు ‘మా ఊరు’ను తలచుకునేవారు దృశ్యాలను వరుసలో పేర్చిన చేతిని గురించి అరుదుగా మాట్లాడతారు. సినిమా పేర్లలో ‘కూర్పు’ అనే చక్కని మాట ఉన్నా, విమర్శలో ఆ పనికి తగిన చోటు దక్కలేదు. ఈ లోటును గుర్తించడానికి బ్రిటిష్ టెలివిజన్ ఎడిటర్ డై వాన్ (1933-2012) వృత్తిజీవితం ఏ విధంగా తోడ్పడుతుందో ఈ వ్యాసం పరిశీలిస్తుంది.

2. ఎంపికలోని బాధ్యత

రోజర్ గ్రేఫ్ బీబీసీకి రూపొందించిన ‘ది స్పేస్ బిట్వీన్ వర్డ్స్’ (1972) వాన్ పనిచేసిన ధారావాహికల్లో ముఖ్యమైనది. కుటుంబం, పాఠశాల వంటి చోట్ల మనుషుల మధ్య మాట ఎలా సాగుతుందో, ఎక్కడ తెగిపోతుందో చూపడం దాని లక్ష్యం. ఇటువంటి పరిశీలనాత్మక చిత్రాల్లో వ్యాఖ్యాత స్వరం వెనక్కి తగ్గినకొద్దీ ఎడిటర్ భారం పెరుగుతుంది. ఎవరి మాటను పూర్తిగా వినిపించాలి, వినేవారి ముఖంపై దృశ్యం ఎంతసేపు నిలవాలి అనే నిర్ణయాలే అక్కడ వ్యాఖ్యానమవుతాయి.

3. అదృశ్య కర్తృత్వం

వాన్ 1983లో ‘పోర్ట్రెయిట్ ఆఫ్ యాన్ ఇన్విజిబుల్ మ్యాన్’ అనే గ్రంథాన్ని స్టీవర్ట్ మెకాలిస్టర్ అనే ఎడిటర్‌పై రచించారు. ‘లిజన్ టు బ్రిటన్’ (1942) చిత్రంలో దర్శకత్వం, కూర్పు రెండింటికీ హంఫ్రీ జెన్నింగ్స్‌తో పాటు మెకాలిస్టర్ పేరు కూడా ఉంది. అయినా కీర్తి జెన్నింగ్స్‌కే ఎక్కువగా దక్కింది. కర్మాగార భోజనశాలలోని జనరంజక గీతం నుంచి నేషనల్ గ్యాలరీలో మైరా హెస్ వాయించే మొజార్ట్ సంగీతానికి చిత్రం సాగిపోతుంది. ఆ రెండు శ్రోతల గుంపులు ఒకే సమాజమన్న భావన ఏ ఒక్క దృశ్యంలోనూ లేదు, వాటి కలయికలో ఉంది. అయితే ఆ కలయిక ఇద్దరిలో ఎవరి ఊహ అన్నది చిత్రాన్ని చూసి మాత్రమే తేల్చలేం. కాబట్టి దర్శకుని తొలగించి ఆ పీఠంపై ఎడిటర్‌ను కూర్చోబెట్టడం పరిష్కారం కాదు. కర్తృత్వాన్ని ఉమ్మడి శ్రమగా చదవాలి.

4. మద్నూర్ నేపథ్యంలో అన్వయం

ఈ ప్రశ్న తెలుగు నేలకు పరాయిది కాదు. మహారాష్ట్ర, కర్ణాటక సరిహద్దులకు చేరువైన కామారెడ్డి జిల్లా మద్నూర్ ప్రాంతంలో తెలుగు, మరాఠీ, కన్నడ భాషలు కలిసి జీవిస్తాయి. అక్కడి పత్తి రైతు ఒకరు తెలుగులో మొదలుపెట్టి, పక్కవారితో మరాఠీలో మాట్లాడి, మళ్లీ తెలుగులోకి వచ్చారనుకుందాం. స్పష్టత కోసం మధ్య భాగాన్ని తొలగిస్తే కార్యక్రమం నిడివి కుదురుతుంది. కానీ సరిహద్దు ఊరు ఏకభాషా గ్రామంగా మారిపోతుంది. ఒక్క అబద్ధమూ చెప్పకుండానే వాస్తవం మారుతుంది. ఆ మార్పు కెమెరా వద్ద కాక కూర్పు బల్ల వద్ద జరుగుతుంది.

5. ముగింపు

ప్రేక్షకుడు తెగిన చోటును గమనించకపోవడం ఎడిటర్ నైపుణ్యానికి గుర్తు కావచ్చు. విమర్శకుడు గమనించకపోవడం మాత్రం లోపమే. ఏది మిగిలింది, ఏది దేని పక్కన చేరింది, ఎవరి మాట మధ్యలో ఆగింది అనే ప్రశ్నలు తెలుగు డాక్యుమెంటరీ విమర్శలో భాగం కావాలి. అప్పుడే ‘కూర్పు’ పేరుకు ఎదురుగా ఉన్న వ్యక్తి శ్రమతో పాటు, తెరపై మాట్లాడే సామాన్యుని మాటకూ న్యాయం జరుగుతుంది.