రజని పాట అల్లిక

మాట రాసి, వరస కట్టి, తానే పాడే మనిషికి ఫ్రెంచివాళ్ళు పెద్దపీట వేస్తారు. జార్జ్ బ్రాసాన్స్, షార్ల్ అజ్నవూర్ ఆ కోవలోని వాళ్ళే. మనకి అది క్షేత్రయ్య, త్యాగయ్యల నాటి దారి. సినిమా వచ్చాక ఆ మూడు పనులూ ముగ్గురి చేతుల్లోకి వెళ్ళిపోయాయి. మళ్ళీ ఒకే గొంతులోకి తెచ్చినవాళ్ళలో ‘రజని’ అనే బాలాంత్రపు రజనీకాంతరావు ముఖ్యులు. 1920 జనవరి 29న నిడదవోలులో పుట్టారు. గోదావరి ఇవతల ఉన్న మా ఆత్రేయపురానికి అదేమంత దూరం కాదు గనక, మావాడని చెప్పుకోవడానికి మాకు మొహమాటం లేదు.

జంటకవులు వేంకట పార్వతీశ కవుల్లో ఒకరైన వేంకటరావు గారి అబ్బాయి. ఛందస్సు ఇంట్లోనే అబ్బింది. ఆంధ్ర విశ్వకళాపరిషత్తులో తెలుగు చదివి, 1941లో మద్రాసు రేడియోలో చేరారు. రేడియో పాటకి బొమ్మ లేదు, నటి లేదు. మూడు నాలుగు నిమిషాల్లో విన్నవాళ్ళ నాలుక మీద నిలవకపోతే అంతే సంగతులు. రజని చెయ్యి సాఫు అయింది ఆ ఇరుకులోనే అని నా నమ్మకం.

‘మాదీ స్వతంత్ర దేశం’ చూడండి. స్వాతంత్ర్యం వచ్చిన రోజుల్లో టంగుటూరి సూర్యకుమారి గొంతులో ఊరూరా మోగిన పాట. మొదటి మాటలోనే పనితనం ఉంది. ‘మాది’ అని తేల్చెయ్యకుండా చివర దీర్ఘం పెట్టారు. దాంతో గొంతు నిలదొక్కుకోవడానికి చోటు దొరికింది. వెనకే వచ్చే ‘స్వ’ మీద నోరు తడబడదు. హక్కు గట్టిగా చాటుకున్నట్టు అర్థానికీ బలం వచ్చింది. శాస్త్రం రాని పిల్లలు కూడా గుంపుగా పాడగలిగిన పాట అది. అలా పాడించడం సంగీతం తెలిసినవాడికి మరీ కష్టం, ఎందుకంటే తెలిసినదంతా చూపించాలని చెయ్యి దురద పెడుతుంది.

1945లో వచ్చిన ‘స్వర్గసీమ’లో భానుమతి పాడిన ‘ఓహో పావురమా’ వెనకా ఆయన చెయ్యి ఉంది. ఆ వరసకి ‘బ్లడ్ అండ్ శాండ్’ అనే హాలీవుడ్ సినిమాలో విన్న బాణీ ప్రేరణ అంటారు. బాణీ ఎవరైనా తేగలరు. దాని మీద కూర్చునే తెలుగు మాట దొరకడమే కష్టం. ‘పావురమా’లో మొదటి అక్షరం గురువు, నడుమ రెండు లఘువులు, చివర మళ్ళీ గురువు. పొడుగు స్వరం, రెండు చిన్న అడుగులు, మళ్ళీ పొడుగు స్వరం. పరాయి వరస మీద మన అచ్చుతో ముగిసే మాట వాలింది. ఇక గాయని ఆ చివరి ‘ఆ’ని ఎంతసేపు సాగదీసుకున్నా ఉచ్చారణ చెడదు.

గమకాల విషయంలో ఆయనది పొదుపు. మా ఊళ్ళో పూతరేకు తీసేటప్పుడు, పల్చటి బియ్యప్పిండిలో ముంచిన గుడ్డని కాలిన కుండ మీద ఒక్కసారే పరుస్తారు. రెండోసారి పరిస్తే రేకు మందమవుతుంది. రజని వరసల్లో ఆ రెండోసారి ఉండదు.

అన్నీ అలాగే కుదిరాయని అనను. ‘శతపత్ర సుందరి’ గీతాల్లో కొన్నిచోట్ల సమాసం పొడుగై, వరస దాని వెనక మోతకూలీలా నడుస్తుంది. కవిగారి అబ్బాయి రేడియో ఆయన్ని గెలిచిన చోట్లవి.

తరవాత విజయవాడ రేడియో కేంద్రంలో ‘భక్తిరంజని’ కార్యక్రమం వచ్చింది. బైరాగులు పాడుకునే తత్త్వాల్ని కచేరీ బట్టలు తొడక్కుండానే మైకు ముందుకి తీసుకొచ్చారు. పొద్దున్నే పొయ్యి ముట్టించే ఇళ్ళల్లో అవి కంఠతా వచ్చాయి. ఎవరు వరస కట్టారో చాలామందికి తెలియదు.

ఇంత చేసినవారు తన ముందటివాళ్ళ లెక్క కూడా తీశారు. 1958లో అచ్చయిన ‘ఆంధ్ర వాగ్గేయకార చరిత్రము’కి 1961లో కేంద్ర సాహిత్య అకాడెమీ బహుమతి వచ్చింది. 2018లో, తొంభై ఎనిమిదేళ్ళ వయసులో పోయారు. పండితులు ఆయన్ని ఆ పుస్తకంతో తలుచుకుంటారు. మాట ఎక్కడ తగ్గాలో, స్వరం ఎక్కడ ఆగాలో తెలుసుకోవాలంటే మాత్రం నేను పుస్తకం పక్కన పెట్టి పావురం పాటే పెట్టుకుంటాను.