క్నూద్ అంటే ముడి

ఓస్లో నగరం మధ్యనుంచి ఆకెర్‌సెల్వా అనే చిన్న నది పారుతుంది. ఊరికి ఉత్తరాన మారిదాల్ సరస్సులో బయలుదేరి, ఎనిమిది కిలోమీటర్ల పైచిలుకు నడిచి సముద్రపు పాయలో కలుస్తుంది. ఆ కాస్త దూరంలోనే దాదాపు 150 మీటర్లు కిందికి దిగుతుంది కాబట్టి దారి పొడుగునా జలపాతాలే. ఆ నగరాన్ని క్రిస్టియానియా అని పిలిచే రోజుల్లో, 1845లో, ఆ నీటి వడిని నమ్ముకుని వోయెన్ అనే చోట ఒక నూలు మిల్లు వెలసింది. పెట్టినవాడు క్నూద్ గ్రో. 1817లో డెన్మార్క్‌లో పుట్టి, నార్వేకు వచ్చి స్థిరపడి, 1909 దాకా బతికిన మనిషి. నార్వే పారిశ్రామిక చరిత్ర ఎవరు రాసినా మొదటి పేజీల్లోనే ఆయన పేరు వస్తుంది. ఆ పేరుకు అర్థం ‘ముడి’.

పేర్ల పుట్టుక వెతకడం నేను చాలా ఏళ్లుగా ఇష్టంగా చేస్తున్న పని. నూలు వడికించినవాడి పేరు ముడి అని తెలిస్తే ఎవరికైనా మనసు ఉప్పొంగుతుంది. పేరులోనే ఆయన రాత రాసి ఉందని చెప్పేయాలనిపిస్తుంది. సరిగ్గా అక్కడే ఆగాలని ఈ పని నేర్పుతుంది. ఒక పేరు చేతికి వచ్చినప్పుడు రెండు ప్రశ్నలు విడివిడిగా వేసుకోవాలి. ఆ మాట ఎక్కడ పుట్టింది? ఆ బిడ్డకు ఆ పేరు ఎందుకు పెట్టారు? మొదటిదానికి జవాబు భాషలో దొరుకుతుంది. రెండోదానికి ఇంట్లో దొరుకుతుంది. ఒకదాని జవాబు తెచ్చి రెండోదానికి అంటగడితే అందమైన అబద్ధం తయారవుతుంది.

మొదటి ప్రశ్నే ముందు చూద్దాం. వైకింగుల కాలపు భాషలో ఈ పేరు ‘క్నూత్ర్’. డెన్మార్క్‌వాళ్లు క్నూద్ అని, నార్వే, స్వీడన్‌వాళ్లు క్నూత్ అని వాడుతూ వచ్చారు. నార్వే 1814 దాకా డెన్మార్క్ రాజుల కిందే ఉంది కాబట్టి అక్కడి కాగితాల్లోనూ డేనిష్ రాతే చాలాకాలం సాగింది. నోబెల్ బహుమతి పొందిన రచయిత క్నూత్ హామ్సున్ కూడా 1859లో పుట్టినప్పుడు క్నూద్ పెడర్సెనే. ముడికి డేనిష్‌లో ఇప్పటికీ ‘క్నూదె’ అనే అంటారు. మొదట ఇది ఎవరికో పెట్టిన ఎగతాళి పేరై ఉంటుందని, పొట్టిగా, గట్టిగా, ముడిలా బిగిసి ఉన్న మనిషిని అలా పిలిచి ఉంటారని భాషావేత్తలు అంటారు. ఊరు పెట్టిన పేరు మెల్లగా నీళ్లు చల్లి పెట్టే పేరయింది. హార్దక్నూత్ అని ఒక డెన్మార్క్ రాజు ఉన్నాడు. ఆ పేరుకు ‘గట్టి ముడి’ అని అర్థం.

లాటిన్‌లో రాసే గుమాస్తాలకు క, న కలిపి పలకడం కష్టమై మధ్యలో ఒక అచ్చు చేర్చి ‘కనూతస్’ అని రాశారు. ఇంగ్లీషు పాఠాల్లో కనిపించే కాన్యూట్ మహారాజు ఆ దారిన వచ్చినవాడే. సముద్రపు అలల్ని ఆగమని ఆజ్ఞాపించాడన్న కథ ఆయనదే. ఆయన్ని అహంకారిగా చూపించడానికి ఆ కథను వాడుతుంటారు. పాత చరిత్రకారుడు హెన్రీ ఆఫ్ హంటింగ్డన్ చెప్పిన తీరు వేరు. రాజు మాటకు సముద్రం లొంగదని పొగడ్తల రాయుళ్లకు చూపించడానికే ఆయన కాళ్లు తడుపుకున్నాడు.

ఐస్‌లాండ్‌వాళ్లు రాసిపెట్టిన యోమ్స్‌వైకింగుల సాగాలో ఈ పేరుకు ఇంకో పుట్టుక చెప్పారు. అడవిలో చెట్టు కింద ఎవరో వదిలేసిన పసిబిడ్డ రాజుగారి మనుషులకు దొరుకుతాడు. బిడ్డ దగ్గర పట్టుగుడ్డలో ముడి వేసిన బంగారు ఉంగరం ఉంటుంది. ఆ ముడిని బట్టి వాడికి క్నూత్ అని పేరు పెడతారు. ఇది చరిత్ర కాదు. కానీ ఆ పేరు వింటే ముడి గుర్తుకు రావడం ఆ కాలపు జనానికి సహజంగా ఉండేదని దీనివల్ల తెలుస్తుంది. పేర్లు వెతికేవాడికి కట్టుకథ కూడా ఈ మేరకు సాక్ష్యమే.

ఇక రెండో ప్రశ్న. 1817లో ఒక డేనిష్ ఇంట్లో బిడ్డకు క్నూద్ అని పెట్టినప్పుడు తల్లిదండ్రుల మనసులో ముడి మెదిలిందా? మెదలాల్సిన పని లేదు. ఆ పేరు అప్పటికి ఎనిమిది తొమ్మిది వందల ఏళ్లుగా రాజులది, సాధువులది. ఇంగ్లండ్, డెన్మార్క్, నార్వే మూడింటినీ ఏలిన మహా క్నూత్, అంటే ఆ అలల కథలోని కాన్యూట్, 1035లో పోయాడు. మరో క్నూద్ రాజును 1086లో ఓదెన్సె చర్చిలో తిరుగుబాటుదారులు చంపారు. చర్చి ఆయన్ని సెయింట్‌ను చేసింది. 1131లో అడవిలో హత్యకు గురైన క్నూద్ లావార్ద్ అనే ప్రభువు కూడా తరవాత సెయింట్ అయ్యాడు. ఇప్పటికీ స్వీడన్, నార్వేలలో జనవరి 13ను క్నూత్ దినం అంటారు. క్రిస్మస్ సంబరం ఆ రోజుతో ముగుస్తుంది. ఇంత చరిత్ర పైన పేరుకున్న మాటలో అడుగున ఉన్న అర్థం ఎవరికీ కనిపించదు.

పైగా ఆ దేశాల్లో పేరు అర్థం చూసి పెట్టేది కాదు, మనిషిని చూసి పెట్టేది. పెద్ద కొడుక్కి తండ్రి తండ్రి పేరు, రెండోవాడికి తల్లి తండ్రి పేరు. ఆడపిల్లలకు నాయనమ్మ, అమ్మమ్మల పేర్లు. పసిబిడ్డ పోతే తరవాత పుట్టిన బిడ్డకు మళ్లీ ఆ పేరే. భార్య చనిపోయి మగవాడు మళ్లీ పెళ్లి చేసుకుంటే, కొత్త భార్యకు పుట్టిన మొదటి ఆడపిల్లకు పోయిన ఆవిడ పేరు పెట్టడం కూడా ఆనవాయితీ. పోయినవాళ్ల పేరు ఇంట్లో మోగుతూ ఉండాలన్నదే దాని వెనకున్న కోరిక.

తెలుగు ఇళ్లకు ఇది విడమరిచి చెప్పాల్సిన సంగతి కాదు. మా అన్నయ్యకు తాత పేరు పెట్టారు. అమ్మ మాత్రం ఏనాడూ వాణ్ణి ఆ పేరుతో పిలవలేదు. మామగారి పేరు కోడలి నోట రాకూడదు కాబట్టి ఆమెకు వాడు ఎప్పటికీ ‘పెద్దబాబు’. స్కూల్లో చేర్చే రోజున కూడా పేరు నాన్నే చెప్పాడట. పేరు పెట్టడమంటే ఒక బంధాన్ని ఇంకో తరానికి అప్పగించడం. ఆ అప్పగింతకు ఎన్ని నియమాలో, ఆ నియమాల బరువు ఇంట్లో ఎవరెవరి మీద పడేదో అమ్మను చూశాకే నాకు అర్థమైంది.

ఆకెర్‌సెల్వా ఒడ్డున ఉన్న మిగతా పేర్లు కూడా ఇలాగే వచ్చాయి. 1845లోనే ఎగువన న్యూదాలెన్‌లో నూలు మిల్లు పెట్టినవాళ్లలో ఆదమ్ హ్యోర్త్ ఒకడు. ఆదమ్ అన్నది బైబిల్ పేరు, హీబ్రూలో మనిషి అని. 1850లలో యూలా నేత మిల్లు కట్టించినవాడు హాల్వోర్ స్కో. హాల్వోర్ అంటే పాత భాషలో బండరాయి, కావలి అనే రెండు మాటల కలయిక. ఆ నగరాన్ని కాచే సెయింట్ హాల్వార్ద్ పేరుకే అది వాడుక రూపం. దొంగతనం మోపబడిన ఒక గర్భిణిని కాపాడబోయి ఆ హాల్వార్ద్ ప్రాణాలు పోగొట్టుకున్నాడని, చంపినవాళ్లు ఆయన మెడకు తిరగలిరాయి కట్టి నీళ్లలో పడేశారని కథ. ఓస్లో నగర ముద్రలో ఆయన ఆ రాయి పట్టుకునే కూర్చుంటాడు. వీళ్లందరికంటే ముందు, 1813లో, హాల్దెన్‌లో యంత్రాలతో నూలు వడికించిన మాద్స్ వీల్ పేరు కూడా బైబిల్‌నుంచి వచ్చినదే. మత్తయి, మత్తీయ అనే పేర్లకు డేనిష్ ముద్దు రూపం మాద్స్.

మరి ముడికీ నూలు మిల్లుకూ ఏ సంబంధమూ లేదా? అది తేలాలంటే పేరు వదిలి మిల్లులోకి వెళ్లాలి. బట్టల యంత్రాలు బయటి దేశాలకు అమ్మకూడదన్న నిషేధాన్ని బ్రిటన్ 1843లో ఎత్తేసింది. రెండేళ్లు తిరగకముందే ఆకెర్‌సెల్వా ఒడ్డున మిల్లులు లేవడానికి కారణం అదే. యంత్రాలు ఇంగ్లండ్‌నుంచి వచ్చాయి. నీళ్లు నదివి. చేతులు మాత్రం ఆడవాళ్లవీ, పిల్లలవీ. వడికే యంత్రం మీద పోగు తెగితే ముడి వెయ్యరు. తెగిన కొసను కదురు మీంచి పట్టుకుని, పైనుంచి వచ్చే దూదిపోగుకు ఆనించి, వేళ్లతో ఒక్క మెలి తిప్పి అతుకుతారు. నూలులో ముడి ఉంటే అది లోపం కింద లెక్క.

ముడి పడేది ఆ తరవాత, నూలును చుట్టేచోట, నేసేచోట. అది కూడా ఏ ముడి పడితే అది కాదు. ఒక పోగు కొసను మడిచి ఉచ్చులా పట్టుకోవాలి. రెండో పోగును ఆ ఉచ్చులోంచి పైకి తీసి, వెనకనుంచి చుట్టి, తన కిందికే దూర్చి లాగాలి. చిన్నగా, చదునుగా బిగుస్తుంది. కొసలు కత్తిరిస్తే పన్నె పళ్ల సందుల్లోంచి అడ్డంపడకుండా జారిపోతుంది. మన చేనేతవాళ్ల వేళ్లకూ అలవాటైన పనే. ఓడల్లో రెండు తాళ్లు కలపడానికి నావికులు వేసేది కూడా ఈ ముడే. అలవాటైన వేళ్లు దీన్ని కళ్లతో చూడకుండానే, రెప్పపాటులో వేస్తాయి. మగ్గం ఆగి ఉన్నంతసేపూ కూలి కూడా ఆగుతుంది కాబట్టి ఆ వేగం వాళ్లకు బతుకుతెరువు.

కాబట్టి ముడి అనే పేరు యజమానిది. ముడి వేసిన వేళ్లు ఇంకొకరివి. పేర్ల చరిత్ర రాసేవాళ్లం చాలామందిమి మొదటిదాని దగ్గరే ఆగిపోతాం. యజమాని పేరు మిల్లు మీద, వీధి మీద, జీవిత చరిత్ర నిఘంటువులో ఉంటుంది. అది వెతకడం తేలిక. అందుకే ఆ రెండు ప్రశ్నలకు నేను మూడోది చేరుస్తాను. ఈ పేరు పక్కన ఉండాల్సిన పేర్లు ఎవరివి?

నార్వేలో దానికి జవాబు దొరుకుతుంది. ఆ దేశంలో 1801లోనే ప్రతి మనిషి పేరూ రాసిన జనాభా లెక్క తీశారు. తరవాత అలాంటివి 1865లో, 1875లో, 1900లో జరిగాయి. ఇంటింటికీ ఒక పట్టిక. పేరు, వయసు, చేసే పని, పుట్టిన చోటు. ఇప్పుడు అవన్నీ ఆ దేశపు జాతీయ పురాలేఖనశాల కంప్యూటర్లలో ఎవరైనా చూసుకోవచ్చు. నది ఒడ్డు వీధుల్లో కాపురమున్న మిల్లు ఆడవాళ్లు ఆ పట్టికల్లో తమ పేరుతో, తండ్రి పేరుతో ఉన్నారు. ఊలె అనేవాడి కూతురైతే ఊల్స్‌దాతెర్, లార్స్ కూతురైతే లార్స్‌దాతెర్. అందరికీ స్థిరమైన ఇంటిపేరు ఉండాలని చట్టం వచ్చింది 1923లోనే. పల్లెలో ఉన్నంతకాలం తండ్రి పేరు తరవాత సాగుభూమి పేరు కూడా చేర్చి చెప్పుకునేవాళ్లు. పట్నం మిల్లుకు వచ్చాక చాలామందికి ఆ భూమి పేరు జారిపోయి తండ్రి పేరొక్కటే మిగిలింది. ఒక్క తరంలో ఒక కుటుంబం పొలంనుంచి కదురు దగ్గరికి ఎలా చేరిందో ఆ పేర్లే చెబుతాయి.

ఫ్యాక్టరీల్లో పసిపిల్లల పనిని కట్టడి చేసే చట్టం 1892లో గానీ రాలేదు. అప్పటికి వోయెన్ మిల్లు వయసు నలభై దాటింది. ఆ మిల్లుల పరిసరాల్లోనే, కార్మికుల మధ్య పెరిగిన ఓస్కర్ బ్రోతెన్ తరవాత వాళ్ల బతుకుల్ని కథలుగా, నాటకాలుగా రాశాడు. ఆయన నాటకాల్లో ఒకదాని పేరే ‘పెద్ద బారసాల’ లాంటిది. చర్చిలో పిల్లలకు నీళ్లు చల్లి పేరుపెట్టే వేడుక చుట్టూ అల్లిన కథ. 1931లో నార్వేలో తీసిన మొట్టమొదటి టాకీ ఆ నాటకమే. మిల్లు ఆడవాళ్ల పిల్లలకు పేర్లు పెట్టే ఆ కథతోనే ఆ దేశపు సినిమా మాట్లాడటం మొదలుపెట్టిందన్నమాట. ఇప్పుడు ఆ నదిని దాటే బేయర్ వంతెన మీద శిల్పి ఎలెన్ యాకబ్సెన్ చేసిన కంచు ఫ్యాక్టరీ అమ్మాయిలు నిలబడి ఉన్నారు. వాళ్లను అక్కడ నిలబెట్టింది 1986లో.

ఇదంతా చెప్పి క్నూద్ గ్రోను తక్కువ చేయాలని నాకు లేదు. పరాయి దేశంలో, పరాయి యంత్రాలు తెచ్చి, అలవాటు లేని పరిశ్రమను నిలబెట్టడానికి గుండె కావాలి. ఆయన పేరు వెతకదగ్గదే. వెయ్యేళ్ల కిందటి ఎగతాళి మాట రాజుల మీదుగా, సాధువుల మీదుగా ఒక మిల్లు యజమాని దాకా నడిచిన దారి చూస్తే నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే. నేను పట్టుబట్టేది ఒక్కదానికే. పేర్లు వెతికే పనికి న్యాయం జరగాలంటే పట్టికలో మనకు కావాల్సిన గీత ఒక్కటే చదివి మూసేయకూడదు. ఆ పేజీ మొత్తం చదవాలి, పక్క పేజీ కూడా చదవాలి. మన ఊళ్లలో పాత జిన్నింగు మిల్లుల, నూలు మిల్లుల, సహకార సంఘాల హాజరు పుస్తకాలు బీరువాల్లో ఉన్నవాళ్లు వాటిని తూకానికి వేయకండి. యజమానుల పేర్లు ఎలాగూ నిలుస్తాయి. ఆ పుస్తకాల్లో ఉన్న పేర్లకు ఇంకెక్కడా చోటు లేదు.