చింతామణి సంపాదన ఎవరిది?

ఇటీవల దుబాయిలో ఒక మిత్రుని ఇంట 1956 నాటి "చింతామణి" చిత్రం చూశాము. భానుమతి చింతామణి, ఎన్.టి. రామారావు బిల్వమంగళుడు. సుబ్బిశెట్టి వేషంలో రేలంగి కనిపించినప్పుడల్లా అందరూ నవ్వారు. అప్పుచేసి కట్టడపు పనికి వచ్చిన ఒక కరీంనగరు సోదరుడు మాత్రం నవ్వలేదు. "ఆమె సంపాదన ఆమెకు దక్కదా, మాస్టారూ?" అని అడిగాడు. మారిషస్‌లో సాయంకాలపు తెలుగు తరగతిలో ఈ నాటకం చదివిన నాకు ఆ ప్రశ్న ఎన్నడూ తోచలేదు.

కాళ్లకూరి నారాయణరావుగారు (1871–1927) కట్నంపై "వరవిక్రయం", తాగుడుపై "మధుసేవ", వేశ్యావృత్తిపై "చింతామణి" రచించారు. బిల్వమంగళుడు పండితుడు, సంసారి. చింతామణి మోహంలో ఇల్లూ ఇల్లాలినీ మరిచాడు. చూసేవారికి ఆమెదే పైచేయి అనిపిస్తుంది. కాని విటుల సొమ్ము లెక్క చూసేది తల్లి శ్రీహరి. విటుడు మోహానికి బానిసే. అయినా తిరిగి వెళ్లడానికి అతనికి ఒక ఇల్లున్నది. చింతామణికి ఇల్లే అంగడి.

జపాను దేశపు గీషాల కథా దీనికి దగ్గరే. గీషా ఆటపాటల కళాకారిణి. అయినా పూర్వం చాలామందిని తలిదండ్రులు ముందుగా సొమ్ము తీసుకొని చిన్ననాడే అప్పగించేవారు. ఆమె సంపాదన ఆ అప్పుకే జమ. 1872లో "మరియా లూజ్" అనే పెరూ దేశపు ఓడ చైనా కూలీలతో యొకొహామా రేవు చేరింది. జపాను న్యాయస్థానం కూలీలను విడిపించింది. విచారణలో ఓడ పక్షపు న్యాయవాది జపానులోనే ఆడపిల్లలను ఒప్పందాలతో కట్టివేస్తున్నారని ఎత్తిచూపాడు. ఆ యేడే ప్రభుత్వం వేశ్యలను, గీషాలను అటువంటి ఒప్పందాల నుండి విడుదల చేస్తూ ఆజ్ఞ ఇచ్చింది. తరువాత ఆ వ్యాపారం వేరే పేర్లతో సాగినా, కూలీ మెడకూ గీషా మెడకూ ఉన్నది ఒకే తాడని ఆనాడు తేటపడింది. ఒప్పందపు కూలీల సంతతివారమైన మనకు ఇది వేరే చెప్పాలా?

నాటకంలోని లోపం ఇక్కడే ఉన్నదని నా అభిప్రాయం. చివర కృష్ణభక్తి చింతామణిని మారుస్తుంది. బిల్వమంగళుడు విరాగి అవుతాడు. మోహానికి మందు దొరికింది గాని, ఆడదాని శరీరంపై వ్యాపారం చేసే ఇంటికి దొరకలేదు. 2022 జనవరిలో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఈ నాటక ప్రదర్శనను నిషేధించినప్పుడు వాదం ముఖ్యంగా సుబ్బిశెట్టి పాత్ర చుట్టూ తిరిగింది. ఒక కులాన్ని నవ్వులపాలు చేశారన్న వారి బాధను మనం గౌరవించాలి. చింతామణి బాధనూ అడిగి ఉండవలసింది.

మన సంఘాలలో ఈ నాటకం చదివించేవారికి నా మనవి: సుబ్బిశెట్టి హాస్యం తగ్గించండి, శ్రీహరి మాటలు నిదానంగా చదివించండి. ఆ సోదరునికి ఆనాడు నేను చెప్పగలిగింది ఒక్కటే: "దక్కదు, నాయనా."