కె.బి. తిలక్: ఇంటి పెత్తనం, భూమి పెత్తనం

బాలగంగాధర తిలక్ అనగానే మన సాహిత్య విద్యార్థులకు దేవరకొండవారి కవి గుర్తుకు వస్తాడు. అదే పేరుగల మరొకరు, దెందులూరు మనిషి కొల్లిపర బాలగంగాధర తిలక్ (1926–2010), ఇరవై ఏళ్లకు పైగా సినిమాలు తీశాడు. 1942 ఉద్యమంలో జైలుకు వెళ్లి, ప్రజానాట్యమండలిలో తిరిగి, మేనమామ ఎల్.వి. ప్రసాదు దగ్గర పని నేర్చుకొన్నాడు. మన విమర్శకులు అతని పేరెత్తితే "భూమికోసం" (1974) ఒక్కటి మెచ్చుకొని, మిగిలినవన్నీ పొట్టకూటి చిత్రాలని తోసివేస్తారు. ఈ తీర్పు సరికాదని నా అభిప్రాయం.

చిత్రం ఎవరి డబ్బుతో తయారయిందో ముందు చూడాలి. మా నూజివీడు తోటల్లో పూత మీదనే కాపు మాట్లాడుకొని బయానా ఇచ్చే వ్యాపారి ఉంటాడు. అటుపైన చెట్టు రైతుదే, కాయ మాత్రం అతనిది కాదు. ఆ రోజుల్లో సినిమా పంపిణీదారు చేసిన పనీ అదే. కథా, తారల పేర్లూ విని బయానా ఇచ్చేవాడు. అటువంటి బజారులో "అనుపమ" సంస్థ పెట్టి, శరత్ కథ ఆధారంగా "ముద్దుబిడ్డ" (1956) తీశాడు తిలక్. ఆంధ్రప్రదేశ్ ఏర్పడిన మరుసటి ఏడే "ఎం.ఎల్.ఎ." తీశాడు. శాసనసభ్యుణ్ణి సినిమా పేరుకెక్కించటం, కొత్త రాజధానిని ఆరుద్ర పాటలో చూపించటం అప్పటికి చిన్న సంగతి కాదు. ఇక "అత్తా ఒకింటి కోడలే" (1958) పేరులోనే ఒక వాదం ఉంది. నిన్న తాను పడ్డ పెత్తనాన్నే మనిషి నేడు కిందివాళ్లమీద చెలాయిస్తాడు. ఈ మాట మన ఉపన్యాసాలలో ఎంత మంది చెప్పారు? చెప్పినా, మన సభలకు రాని ఆడవాళ్లకు అది ఎలా అందుతుంది?

అన్నిటినీ సమర్థించలేం. 1971లో "ముద్దుబిడ్డ" కథనే రాజేష్ ఖన్నా, షర్మిలా ఠాగూరులతో హిందీలో "ఛోటీ బహూ"గా మళ్లీ తీశాడు. ఈ పదిహేనేళ్లలో నక్సల్బరీ వచ్చింది, శ్రీకాకుళం వచ్చింది. శరత్ ఇంటి గడప మాత్రం కదలలేదు.

మూడేళ్లకు "భూమికోసం". 1948 చట్టంతో జమీందారీలు పోయినా, పట్టా రైతుకు వచ్చింది గాని కూలివాడికి రాలేదు. భూపరిమితి చట్టం 1973లో చేసి, అమలును 1975 జనవరి 1 దాకా ఆపారు. ఆ సందులో ఈ చిత్రం రావటం సాహసమే. ఉద్ధారకుల కోసం కూర్చోవద్దన్న శ్రీశ్రీ పాట చిత్రాన్ని దాటి సభల్లోకి నడిచింది. (జయప్రద మొదట కనిపించింది ఇందులోనేనని చెప్పుకొనేవారే ఈనాడు ఎక్కువ.) కాని పాట చెప్పినంత బలంగా పాత్రల నడవడి చెప్పదు. అత్తాకోడళ్ల మధ్య పెత్తనాన్ని ఇట్టే పట్టిన చూపు, ఆసామీకీ కూలీకీ మధ్య నిలబడేసరికి ఉపన్యాసానికి లొంగిపోయింది.

1976లో తన ఊరి దాపునున్న సరస్సుకే వచ్చి "కొల్లేటి కాపురం" తీశాడు. నీరూ, నేలా, సంసారమూ ఆ పేరులో ఒక్కచోట చేరాయి. విద్యార్థులు తిలక్‌ను "భూమికోసం"తో మొదలుపెట్టటం మామూలు. "అత్తా ఒకింటి కోడలే" చూసి, వెంటనే దీన్ని చూస్తే మంచిది.