తిరిగి వెళ్ళని అతిథులు

వలస వచ్చినవారిని గురించి ప్రభుత్వాలు, పత్రికలు, నాయకులు మాట్లాడినంతగా ఆ వలస వచ్చినవారే మాట్లాడిన సందర్భాలు తక్కువ. ఫ్రాన్సులో ఈ లోటును కొంతవరకు తీర్చిన చిత్రం, యామినా బెంగిగి 1997లో రూపొందించిన డాక్యుమెంటరీ. 'వలసవచ్చినవారి జ్ఞాపకాలు, మగ్రిబ్ వారసత్వం' అని దాని పేరును తెలుగులో చెప్పుకోవచ్చు. దర్శకురాలు అల్జీరియన్ తల్లిదండ్రులకు ఫ్రాన్సులోని లిల్ నగరంలో జన్మించారు. కనుక ఆమె అడిగేవి ఇంటిబిడ్డ అడిగే ప్రశ్నలు.

చిత్రం మూడు భాగాలు: తండ్రులు, తల్లులు, పిల్లలు. ఈ విభజనలోనే చరిత్ర ఉంది. రెండవ ప్రపంచయుద్ధం తరువాత ఫ్రాన్సు కర్మాగారాలకు, గనులకు కూలీలు కావలసివచ్చారు. అల్జీరియా, మొరాకో, ట్యునీషియాల నుండి యువకులు తరలివచ్చారు. నాలుగు డబ్బులు కూడబెట్టుకొని స్వగ్రామం చేరుతామని వారనుకున్నారు. పని తీరాక పోతారని యజమానులూ అనుకున్నారు. 1974లో ప్రభుత్వం కొత్త కార్మికుల రాకను నిలిపివేసింది. ఒకసారి వెళితే మళ్ళీ రానివ్వరని, ఉన్నవారు ఉండిపోయారు. 1976నాటి ఉత్తర్వు కుటుంబాన్ని రప్పించుకొనే హక్కును గుర్తించింది. వలసను ఆపడానికి తీసుకున్న నిర్ణయమే స్థిరనివాసానికి దారితీసింది. తల్లుల భాగానికి బలం ఇక్కడే. భాష తెలియని ఊరిలో, మూసిన తలుపుల వెనుక, ఆ స్త్రీలు ఒక కొత్త సమాజానికి పునాది వేశారు.

పిల్లల భాగంలో పౌరసత్వం సమస్య ముందుకు వస్తుంది. 1962కు ముందు అల్జీరియాలో పుట్టిన తండ్రి స్వాతంత్ర్యానంతరం విదేశీయుడైనాడు. 1963 తరువాత ఫ్రాన్సులో అతనికి పుట్టిన బిడ్డ చట్టరీత్యా పుట్టుకతోనే ఫ్రెంచి పౌరుడు. ఒకే కప్పు క్రింద రెండు జాతీయతలు! ఇతర విదేశీయుల సంతానం పదహారు, ఇరవైఒక్క ఏండ్ల మధ్య తమ ఇష్టాన్ని ప్రకటించుకోవాలని 1993 చట్టం నిర్బంధించింది. 1998లో ఆ నిబంధనను తొలగించారు. ఆ మధ్యకాలంలో వచ్చిన చిత్రమిది. పుట్టి పెరిగిన దేశాన్నే అర్జీపెట్టి అడగవలసిరావడం ఎంత అవమానమో ఆ రోజుల్లో చూసిన ప్రేక్షకునికి వేరే చెప్పనక్కరలేదు.

అయితే ఒక లోపాన్ని ప్రస్తావించక తప్పదు. ఈ తండ్రుల్లో ఓర్పే ఎక్కువగా కనబడుతుంది. 1970లలో కార్మికుల వసతిగృహాల్లో సాగిన అద్దెసమ్మెకు, కార్ల కర్మాగారాల్లో 1980ల సమ్మెలకు దక్కవలసినంత స్థానం దక్కలేదు. 1983లో మార్సెయిల్ నుండి పారిస్ వరకు సమానత్వం కోసం నడిచిన యువకులు అంతకుముందు పోరాడిన తండ్రుల వారసులు కూడా. కన్నీటిని మాత్రమే చూపితే ప్రేక్షకుడు జాలిపడి ఊరుకుంటాడు. హక్కును చూపితే సమాధానం చెప్పుకోవలసివస్తుంది.

మదీనాలో ముహాజిర్లకు అన్సార్లు దొరికారు. వారు ఇంటిలో, ఆస్తిలో పాలు పంచారు, సోదరులన్నారు. ఫ్రాన్సు ముహాజిర్ల శ్రమను స్వీకరించింది, అన్సార్ల బాధ్యతను మాత్రం వాయిదా వేసింది. ఆ బాకీని లెక్కగట్టి చూపినందుకే, లోపాలున్నా, ఈ చిత్రం మన అధ్యయనానికి అర్హమైనది.