గోదావరి లోయ: కుంగుతూ నిండిన నేల

కల్వకుర్తి వైపు బోరు వేయించిన రైతుకు "బండ తగిలింది" అన్న మాట ఎంత బరువైనదో తెలుసు. పైన కాస్త ఎర్ర చెలక, దాని కింద మొరం, ఆ తర్వాత ఎంత దిగినా గ్రానైటే. దాదాపు 250 కోట్ల ఏళ్ల నాటి ఆ రాతిలో నీళ్లుంటే పగుళ్లలోనే ఉండాలి. ఈ నేల మీద పెరిగిన వాళ్లు ఉత్తర తెలంగాణలోని గోదావరి లోయను ఒకసారి శ్రద్ధగా చూడాలి. అక్కడ భూమి పని చేసిన తీరే వేరు.

ఆసిఫాబాద్ ప్రాంతం నుంచి భద్రాచలం దిగువ దాకా, వాయవ్యం నుంచి ఆగ్నేయానికి సాగే ఈ పొడవాటి లోయ నది ఒక్కటే తవ్వుకున్నది కాదు. రెండు పక్కలా భ్రంశాల వెంట నేల విరిగి, నడిమి భాగం కిందికి దిగింది. ఇటు ధార్వాడ్ శిలాఖండం, అటు బస్తర్ శిలాఖండం. ఆ రెండింటి అతుకు ఇది. వంద కోట్ల ఏళ్లు దాటిన పాఖాల రాళ్లు ఈ అతుకులోనే పేరుకున్నాయి. సుమారు 30 కోట్ల ఏళ్ల కిందట, గోండ్వానా కాలంలో, నేల మళ్లీ ఇక్కడే కుంగడం మొదలుపెట్టింది. 1969 ఏప్రిల్‌లో భద్రాచలం దగ్గర, 2024 డిసెంబర్ 4న ములుగు జిల్లాలో భూమి కంపించింది కూడా ఈ లోయలోనే.

నన్ను అన్నిటికన్నా ఆశ్చర్యపరిచేది ఆ కుంగడంలోని కొలత. అడుగున మంచు మోసుకొచ్చిన తాల్చేరు గుండ్లు, వాటిపైన బరాకర్ బొగ్గు పొరలు, ఇంకా పైన మలేరి ఎర్ర బంకమట్టి, కోట సున్నపురాయి. అన్నీ కలిస్తే మందం వేల మీటర్లు. కానీ బొగ్గు పుట్టింది లోతులేని చిత్తడి అడవిలో. నేల తొందరపడి దిగితే ఆ అడవి నీట మునిగిపోయేది. దిగకుండా ఆగితే రాలిన ఆకూ కొమ్మా గాలి తగిలి కుళ్లిపోయేవి. ఒండ్రు ఎంత చేరితే నేల ఇంచుమించు అంతే దిగుతూ రావడం వల్లే మందమైన బొగ్గు పొరలు నిలిచాయి. 1871లో ఇల్లందు దగ్గర భూగర్భ శాస్త్రవేత్త విలియం కింగ్ గుర్తించింది ఆ బొగ్గునే. పదేళ్ల తర్వాత ఆయన ప్రాణహిత–గోదావరి లోయ భూగర్భం మీద ఒక గ్రంథమే రాశాడు. బెల్లంపల్లి, రామగుండం, కొత్తగూడెం ఈ బొగ్గు మీద పెరిగిన ఊళ్లే.

ఈ పనితనాన్ని దగ్గరగా చూడాలంటే అంత దూరం పోనక్కర్లేదు. హైదరాబాద్‌లోని బిర్లా సైన్స్ మ్యూజియంలో కోటసారస్ అస్థిపంజరం నిలబెట్టి ఉంది. పాత ఆదిలాబాద్ జిల్లా యామనపల్లి దగ్గర కోట పొరల్లో దొరికిన ఈ డైనోసార్‌కు 1988లో ఆ పేరు పెట్టింది శాస్త్రవేత్త పి. యాదగిరి. తవ్వకంలో బయటపడినవి కనీసం 12 జంతువులకు చెందిన 840 ఎముకల భాగాలు. పుర్రె దొరకలేదు, పళ్లు మాత్రం దొరికాయి. వెళ్లినవాళ్లు మొత్తం ఆకారం చూసి ఆగిపోకుండా కాళ్ల ఎముకలనూ వెన్నుపూసలనూ ఒక్కొక్కటిగా చూడాలి. మన గ్రానైటులో ఎంత వెతికినా ఇలాంటి ఎముక ఒక్కటి కూడా దొరకదు. అది భూమి లోపల కరిగి గడ్డకట్టిన రాయి. ఎముకను దాచాలంటే మీద మట్టి పడాలి, ఆ మట్టి కొట్టుకుపోకుండా అడుగు నేల దిగుతూ ఉండాలి.